జ్యూరిక్‌లో ఏడాది లెక్క

(జ్యూరిక్‌కు కొత్తగా వచ్చిన తెలుగు కుటుంబాల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం. ఆదివారం పూట పిల్లాపాపలతో ఇంతమంది వచ్చారు, చాలా సంతోషం. వెనక నిలబడినవాళ్లు ముందుకు రండి, ఇక్కడ కుర్చీలు ఖాళీగా ఉన్నాయి.

ఈ ఊళ్లో ఉద్యోగం వచ్చిందనగానే మనవాళ్లు అడిగే మొదటి ప్రశ్న, నెలకు ఎంత ఉంటే సరిపోతుందని. జవాబు చెప్పేవాళ్లకు కొదవ లేదు. ఒకరు నాలుగు వేల ఫ్రాంకులంటారు, మరొకరు తొమ్మిది వేలైనా చాలవంటారు. ఇద్దరూ నిజమే చెబుతుంటారు. మొదటివారు ఎప్పుడో కుదిరిన పాత అద్దె మీద సహకార సంఘం ఇంట్లో ఉంటున్నారు. రెండోవారు నిరుడు కట్టిన భవనంలో దిగి, ఇద్దరు పసిపిల్లలను కీటాలో, అంటే పసిపిల్లల సంరక్షణ కేంద్రంలో చేర్చారు. మెర్సర్ సంస్థ 2024 జాబితాలో హాంకాంగ్, సింగపూర్ తర్వాత మూడో ఖరీదైన నగరం జ్యూరిక్. ఆ వెనకే జెనీవా, బాసెల్, బెర్న్ వరుసగా ఉన్నాయి. ఆ జాబితా చూసి భయపడితే ప్రయోజనం లేదు, అందులో మీ ఇంటి లెక్క ఉండదు.

నేను చూసినంతలో ఇక్కడి కుటుంబం ఏడాది ఖర్చును తేల్చేవి నాలుగే: ఇల్లు, ఆరోగ్య బీమా, పన్ను, పసిపిల్లల సంరక్షణ. ఈ నాలుగింటి మీదా మనం సంతకాలు పెట్టేది వచ్చిన తొలి రెండు మూడు నెలల్లోనే. భాష రాదు, ఊరు తెలియదు, హోటల్ గదిలో పిల్లలు ఏడుస్తుంటారు. సరిగ్గా ఆ సమయంలో పెట్టిన సంతకాలకు తర్వాత ఏళ్ల తరబడి డబ్బు కడతాం. ఆ తర్వాత టమాటాలు ఎక్కడ చవక అని ఊరంతా తిరుగుతాం. అందుకే ఈ రోజు ఎక్కువ సేపు ఆ నాలుగింటి గురించే మాట్లాడతాను.

ముందుగా ఒక అలవాటు మానుకోమని కోరుతున్నాను. ప్రతి ధరనూ రూపాయల్లోకి మార్చి చూసుకోవద్దు. ఫ్రాంకు విలువ వంద రూపాయల పైమాట కాబట్టి కాఫీ ధర చూసినా గుండె ఆగుతుంది, జీతం చూస్తే మాత్రం కోటీశ్వరులమైపోయినట్టు ఉంటుంది. రెండూ భ్రమలే. ఇక్కడి సంపాదనను ఇక్కడి ఖర్చుతోనే పోల్చండి. ఇంటికి పంపే డబ్బు దగ్గర మాత్రమే రూపాయి లెక్క వేయండి.

ఇక ఇల్లు. జ్యూరిక్ నగరంలో ఖాళీ ఇళ్లు దాదాపు లేవు. 2024 జూన్‌లో నగరపాలక సంస్థ లెక్క ప్రకారం ఖాళీగా ఉన్నవి 0.07 శాతం. అంటే పది వేల ఇళ్లకు ఏడు. ఒక ఇల్లు చూపిస్తామని ప్రకటిస్తే మెట్ల మీద నుంచి వీధి చివరి దాకా వరుస కట్టేది అందుకే. ఈ కరువులో మనవాళ్లు దొరికిందే చాలని ఎంత అడిగితే అంతకు ఒప్పేసుకుంటారు. కొత్తగా దొరికే మూడున్నర గదుల ఇంటికి రెండున్నర వేల నుంచి మూడున్నర వేల ఫ్రాంకుల దాకా అడుగుతున్నారు. ఇక్కడ హాలును కూడా గదిగానే లెక్కిస్తారు, వంటగదిని లెక్కించరు. మూడున్నర గదులంటే మన లెక్కలో రెండు పడక గదుల ఇల్లు.

అద్దెకు మించిన భారం దిగే రోజున ఉంటుంది. అడ్వాన్సు మూడు నెలల అద్దెకు మించకూడదని చట్టం ఉంది కానీ, దాదాపు అందరూ ఆ మూడు నెలలూ అడుగుతారు. దానికి తోడు మొదటి నెల అద్దె ముందే కట్టాలి. అద్దె 2,800 అనుకుంటే 11,200 ఫ్రాంకులు మొదటి జీతం చేతికి రాకముందే కావాలి. ఆ అడ్వాన్సు ఇంటి యజమాని జేబులోకి వెళ్లదు. మీ పేరు మీదే బ్యాంకులో ప్రత్యేక ఖాతా తెరిచి అందులో ఉంచాలి, ఇద్దరి సంతకాలూ ఉంటేనే సాధారణంగా అది బయటికి వస్తుంది. అంత డబ్బు లేనివాళ్లకు పూచీ ఇచ్చే బీమా కంపెనీలున్నాయి. వాటికి ఏటా కట్టే రుసుము తిరిగి రాదు. అందుకే మీ ఉద్యోగ సంస్థను అడ్వాన్సు కోసం అప్పు అడగండి. చాలా సంస్థలు ఇస్తాయి, మొహమాటపడి అడగనిది మనమే.

ఇంటి విషయంలో మనకు తెలియని హక్కులు రెండున్నాయి. ఒకటి: జ్యూరిక్ కాంటన్‌లో (అంటే రాష్ట్రంలో) ఇల్లు కొత్తగా అద్దెకిచ్చే యజమాని, పాత కిరాయిదారు ఎంత కట్టేవాడో ఒక అధికారిక పత్రం మీద రాసి ఇవ్వాలి. ఆ పత్రం చదవకుండా ఫైల్లో పెట్టేయకండి. ఏ మరమ్మతూ లేకుండా అద్దె బాగా పెంచారనిపిస్తే, ఇల్లు అప్పగించిన 30 రోజుల లోపు, అద్దె తగాదాలు తీర్చే రాజీ మండలి దగ్గర అభ్యంతరం చెప్పవచ్చు. అక్కడ విచారణకు రుసుము లేదు. ఇల్లు ఖాళీ చేయిస్తారేమోనని భయం అక్కర్లేదు, చట్టం రక్షణ ఇస్తుంది. రెండోది వడ్డీ రేటుకు సంబంధించినది. దాన్ని చివర్లో చెబుతాను, ఎందుకంటే దాని కోసం మీ చేత ఈ రోజే ఒక పని చేయించాలి.

నగరం లోపలే ఉండాలన్న పట్టుదల వద్దు. ష్లీరెన్, డీటికోన్, వాలిజెలెన్, డ్యూబెన్‌డోర్ఫ్, ఊస్టర్ అన్నీ ఎస్-బాన్ రైలు దారిలో ఉన్నవే. కాస్త దూరమైనా వింటర్‌టూర్ సొంత బడులు, మార్కెట్టు ఉన్న నిండైన ఊరు. రైలు పాసుకు పెరిగే ఖర్చును అద్దెలో మిగిలేదానితో కలిపి చూడండి, తరచుగా బయటి ఊరే నెగ్గుతుంది. జ్యూరిక్ నగరంలో ఇళ్లలో సుమారు నాలుగో వంతు సహకార సంఘాలు, నగరపాలక సంస్థ వంటి లాభాపేక్ష లేని వాటివి. ఆ వాటాను 2050 నాటికి మూడో వంతుకు పెంచాలని 2011లో నగర ప్రజలు ఓటు వేసి తీర్మానించారు. ఆ సంఘాల ఇళ్ల అద్దె బయటి అద్దెకంటే బాగా తక్కువ. వెంటనే దొరకదు. అయినా వచ్చిన ఏడాదే అడగడం మొదలుపెట్టండి.

ఇక ఆరోగ్య బీమా. ఇక్కడ కొంచెం నెమ్మదిగా వెళ్దాం, కాగితం ఉన్నవాళ్లు రాసుకోండి.

ఈ దేశంలో అడుగుపెట్టి నివాసం నమోదు చేసుకున్న ప్రతి ఒక్కరూ, పసిబిడ్డతో సహా, మూడు నెలల లోపు ప్రాథమిక బీమా తీసుకోవాలి. మూడు నెలల గడువుందని ఆలస్యం చేస్తే ఆ నెలల ప్రీమియం ఆదా అవుతుందని కొందరనుకుంటారు. అది జరగదు, బీమా వచ్చిన రోజు నుంచే లెక్కలోకి వస్తుంది. మూడు నెలల బిల్లు ఒకేసారి వచ్చి పడుతుంది. నలుగురున్న కుటుంబానికి అది మూడు వేల ఫ్రాంకులు దాటవచ్చు.

ప్రాథమిక బీమాలో ఏ కంపెనీ అయినా ఇచ్చే వైద్యం ఒకటే, అది చట్టంలో రాసి ఉంది. ఏ కంపెనీ మిమ్మల్ని కాదనడానికి వీల్లేదు, పాత జబ్బులు అడగడానికీ వీల్లేదు. అలాంటప్పుడు ఎక్కువ ప్రీమియం ఎందుకు కట్టాలి? ప్రిమ్‌ఇన్ఫో అని ప్రభుత్వమే నడిపే లెక్కల పేజీ ఉంది. మీ పిన్ కోడ్, పుట్టిన సంవత్సరం ఇస్తే అన్ని కంపెనీల ధరలూ వరుసగా చూపిస్తుంది. మీ చుట్టూ తిరిగే ఏజెంట్ల మాట విని ప్రాథమిక బీమాతో పాటు అదనపు బీమాలు అంటగట్టించుకోకండి.

ఫ్రాంచైజ్ అంటే ఏడాదిలో మొదట మీ జేబులోంచి కట్టాల్సిన మొత్తం. పెద్దవాళ్లకు 300 నుంచి 2,500 ఫ్రాంకుల దాకా ఆరు మెట్లున్నాయి. అది దాటాక వచ్చే బిల్లులో పదో వంతు మీదే, అది కూడా ఏడాదికి 700 దాకానే. కాబట్టి 300 ఎంచుకున్నవారికి ఎంత పెద్ద జబ్బు చేసినా, ఆసుపత్రిలో ఉంటే రోజుకు కట్టే 15 ఫ్రాంకులు పక్కన పెడితే, ఏడాదికి జేబు ఖర్చు వెయ్యి దాటదు. 2,500 ఎంచుకున్నవారికి 3,200 దాటదు.

ఇప్పుడు ప్రీమియం తేడా చూద్దాం. పెద్ద ఫ్రాంచైజ్‌కు ఇచ్చే తగ్గింపు, అదనంగా మీరు మోసే మొత్తంలో 70 శాతానికి మించకూడదని నియమం. 2,200లో 70 శాతం అంటే ఏడాదికి 1,540. ఆ పూర్తి తగ్గింపు మీకు దొరికిందనుకోండి. ఏమీ జబ్బు చేయకపోతే 2,500 వారికి 1,540 ఫ్రాంకులు మిగులుతాయి. ఏడాది వైద్యం ఖర్చు సుమారు 2,000 దగ్గర రెండూ సమానమవుతాయి. అంతకు మించితే 300 మేలు. ఎంత ఘోరమైన సంవత్సరమైనా 2,500 వారికి పోయేది 660. అంటే ఆరోగ్యంగా ఉన్నవాళ్లకు 2,500, నెలనెలా మందులు వాడేవాళ్లకు 300. మధ్యలోని మెట్లు లాభించే సందర్భాలు చాలా అరుదు. మనవాళ్లు మధ్యేమార్గమని 1,000 దగ్గరో 1,500 దగ్గరో ఆగుతారు. దయచేసి అలా ఆగకండి.

ఒక షరతు ఉంది. 2,500 ఎంచుకున్నవారు 3,200 ఫ్రాంకులు ముట్టుకోకుండా పక్కన పెట్టుకోవాలి. చెయ్యి విరిగినప్పుడు ఏడాదంతా వాయిదాలు వేసుకోవడం కుదరదు, బిల్లు ఒక్క నెలలోనే వస్తుంది. చెయ్యి విరగడం అన్నాను కాబట్టి ఇది కూడా వినండి. వారానికి ఎనిమిది గంటలు, అంతకు మించి ఒకే సంస్థలో పనిచేసే ఉద్యోగికి ప్రమాద బీమా ఆ సంస్థ ద్వారానే ఉంటుంది. ఆరోగ్య బీమాలో ప్రమాదం కోసం మళ్లీ కట్టకండి, తీసేయమని రాస్తే ప్రీమియం తగ్గుతుంది. ఉద్యోగం చేయని భార్యకు, భర్తకు, పిల్లలకు మాత్రం అది ఉంచాలి.

తల్లి కాబోతున్నవారికి గర్భం 13వ వారం నుంచి ప్రసవం తర్వాత ఎనిమిది వారాల దాకా ప్రాథమిక బీమా వైద్యానికి ఫ్రాంచైజ్ లేదు, పదో వంతూ లేదు. పళ్ల వైద్యం మాత్రం ప్రాథమిక బీమాలో దాదాపు ఉండదు. ఇండియాలో ఉన్నప్పుడే పళ్లు చూపించుకుని వచ్చినవారు అదృష్టవంతులు. కంపెనీ మార్చాలన్నా, ఫ్రాంచైజ్ తగ్గించుకోవాలన్నా నవంబరు 30 లోపు మీ ఉత్తరం వాళ్లకు చేరాలి. పోస్టులో వేసిన తేదీ చెల్లదు.

పన్ను విషయం త్వరగా ముగిస్తాను. బీ పర్మిట్ (గడువున్న నివాస అనుమతి) మీద ఉన్నవారికి పన్ను జీతంలోనే కోస్తారు. ఏడాదికి 1,20,000 ఫ్రాంకుల లోపు సంపాదించేవారికి జ్యూరిక్ కాంటన్ అంతటా ఆ కోత ఒక్కటే. కాబట్టి సరస్సు ఒడ్డున పన్ను తక్కువ ఉన్న ఊరని అక్కడి అద్దె కట్టి కాపురం పెడితే మిగిలేది ఏమీ లేదు. అంతకు మించి సంపాదించేవారు ఏటా లెక్క దాఖలు చేయాలి, వారి విషయంలో ఊరు మారితే పన్ను మారుతుంది. ఉద్యోగంలో చేరే రోజు ఇచ్చే దరఖాస్తులో మతం అడుగుతారు, ఆ గడి ఖాళీగా వదలకండి. గుర్తింపు పొందిన క్రైస్తవ సంఘాల సభ్యులకు చర్చి పన్ను ఉంటుంది, మిగతావారికి లేదు. జీతం చీటీలో కోత సంకేతం చివర ఎన్ అనే అక్షరం ఉంటే చర్చి పన్ను కోయడం లేదని అర్థం. మొదటి జీతం చీటీ వచ్చిన రోజే చూసుకోండి.

మూడో స్తంభం అని పిలిచే పింఛను ఖాతాలో 2025లో ఉద్యోగి 7,258 ఫ్రాంకుల దాకా వేసి పన్ను తగ్గింపు పొందవచ్చు. జీతంలో కోత ఉన్నవారు ఆ తగ్గింపు కావాలంటే మరుసటి ఏడాది మార్చి 31 లోపు పూర్తి లెక్క వేయమని దరఖాస్తు చేయాలి. ఒకసారి అడిగితే ఆ తర్వాత ఏటా లెక్క ఇవ్వాల్సిందే. ఒక్కోసారి తిరగబడి ఎక్కువ కట్టాల్సి రావచ్చు కాబట్టి ముందే లెక్క వేయించుకోండి. సీ పర్మిట్ (స్థిర నివాస అనుమతి) వచ్చాక జీతంలో కోత ఆగిపోతుంది. జీతం పెరిగిందని సంబరపడి ఖర్చుపెట్టి, తర్వాత వచ్చిన పన్ను బిల్లు చూసి అప్పులు చేసిన కుటుంబాలు నాకు తెలుసు. అంతకుముందు నెలనెలా కోసినంత మొత్తాన్ని జీతం పడిన రోజే వేరే ఖాతాలోకి మళ్లించండి.

పసిపిల్లల గురించి మాట్లాడేటప్పుడు నాకు కొంచెం ఆవేశం వస్తుంది, మన్నించండి. నగరంలో కీటా ధర సబ్సిడీ లేకుండా రోజుకు 130 ఫ్రాంకుల చుట్టుపక్కల ఉంటుంది. వారానికి ఐదు రోజులంటే నెలకు దాదాపు 2,800. మనవాళ్ల ఇళ్లలో వెంటనే జరిగేది ఏమిటంటే, ఈ ఖర్చును తల్లి జీతంలోంచి తీసేస్తారు. ‘నీకు వచ్చేది కీటాకే పోతుంది, ఇంట్లో ఉండు’ అంటారు. ఆ ఖర్చు తల్లి ఒక్కరిదే ఎలా అయింది? బిడ్డ ఇద్దరిదీ. పైగా ఆ లెక్క ఒక్క నెలకు వేసిన లెక్క. జూలై 31 నాటికి నాలుగేళ్లు నిండిన బిడ్డ ఆ వేసవి తర్వాత కిండర్‌గార్టెన్‌కు వెళ్తుంది. అది ప్రభుత్వ బడి, ఫీజు లేదు, హాజరు తప్పనిసరి. మధ్యాహ్నం భోజనానికీ సాయంత్రానికీ డబ్బు కట్టాలి కానీ కీటాతో పోలిస్తే తక్కువ. అంటే ఈ పెద్ద ఖర్చు ఉండేది బిడ్డ ఆ బడికి వెళ్లే దాకానే. ఆ కొన్నేళ్లు ఉద్యోగం వదిలిన అమ్మాయికి భాష రాదు, పరిచయాలు తెగిపోతాయి, పింఛను నిధిలో ఆ ఏళ్లు సున్నా. బీ పర్మిట్ వారి జీవిత భాగస్వామికి ఇక్కడ పనిచేసే హక్కుంది. వారానికి రెండు మూడు రోజుల ఉద్యోగం ఈ దేశంలో మామూలు, అడిగితే ఇస్తారు. ఆదాయాన్ని బట్టి నగరపాలక సంస్థ కీటా సబ్సిడీ ఇస్తుంది, బిడ్డ చేరకముందే దరఖాస్తు పెట్టండి. 2025 నుంచి బిడ్డకు నెలకు కనీసం 215 ఫ్రాంకుల భత్యం ఉద్యోగ సంస్థ ద్వారా వస్తుంది. మీరు అడిగితేనే వస్తుంది.

తిండి ఖర్చు గురించి మీరందరూ ఎదురుచూస్తున్నారని తెలుసు. బియ్యం, పప్పులు, చింతపండు, కరివేపాకు శ్రీలంక తమిళుల దుకాణాల్లో కొనండి. 1980ల నుంచి ఇక్కడ స్థిరపడినవారు, మన వంటకు కావలసినవన్నీ వాళ్ల దగ్గరే ఉంటాయి. సూపర్‌మార్కెట్లలో చూస్తే, మిగ్రోలో ఎం-బడ్జెట్, కోప్‌లో ప్రీ గరాంటీ అని చవక సరుకులుంటాయి, నాణ్యతకు లోటు లేదు. ఆల్డి, లిడ్ల్ సరేసరి. మాంసం మాత్రం ఎక్కడైనా ప్రియమే. మూసివేసే ముందు సగం ధర చీటీలు అంటిస్తారు. ఇద్దరు పెద్దలూ ఒక బిడ్డా ఉన్న ఇంటికి, ఇంట్లో వండుకుంటే, నెలకు వెయ్యి ఫ్రాంకుల్లో బాగా తినవచ్చు. మధ్యాహ్నం రోజూ బయట తింటే ఒక్కరికే రోజుకు 20 పైన. నెల తిరిగేసరికి నాలుగు వందలు. డబ్బా కట్టుకెళ్లడం ఇక్కడ ఎవరూ చిన్నచూపు చూడరు, ఇక్కడివాళ్లూ తెచ్చుకుంటారు. మంచినీళ్ల సీసాలు కొనకండి, నగరంలో 1,200కు పైగా ఫౌంటెన్లున్నాయి, వాటిలో దాదాపు అన్నిటి నీళ్లూ తాగవచ్చు. జర్మనీ సరిహద్దు దాటి కొన్‌స్టాన్జ్‌లో కొనుక్కొచ్చేవారు గుర్తుంచుకోండి, 2025 జనవరి 1 నుంచి మనిషికి రోజుకు 150 ఫ్రాంకుల విలువ దాకానే స్విస్ వ్యాట్ లేకుండా తేవచ్చు. మాంసం మనిషికి కిలో దాటితే సుంకం ఉంది.

ఇప్పుడు అన్నీ కలిపి ఒక ఇంటి లెక్క వేద్దాం. చేతికి నెలకు 7,000 ఫ్రాంకులు వచ్చే ఇల్లు, ఇద్దరు పెద్దలు, మూడేళ్ల పాప. అద్దె 2,800. ముగ్గురి బీమా 900. తిండి 1,000. కీటా వారానికి రెండు రోజులు 1,150. ఇద్దరి పాసులు 180. కరెంటు, ఫోను, ఇంటర్నెట్ 200. మొత్తం 6,230. మిగిలేది 770. నెల లెక్క వేసేవాళ్లు ఇక్కడ ఆగి, 770 మిగిలిందని ఇంటికి పంపేస్తారు.

ఏడాది లెక్క అలా ఉండదు. 770 చొప్పున ఏడాదికి 9,240. అందులోంచి ముగ్గురికీ ఇండియా టికెట్లు 3,600 పోతాయి. జేబులోంచి కట్టే వైద్యానికి 2,000 తీయండి. మిగిలింది 3,640. ఇంట్లో టీవీ ఉన్నా లేకున్నా ఏటా కట్టాల్సిన ప్రసార రుసుము (2025లో 335), రైళ్లలో సగం ధరకు టికెట్టిచ్చే హాల్బ్‌టాక్స్ కార్డులు, ఎదుటివారి ఆస్తికి నష్టం జరిగితే కట్టే బాధ్యతా బీమా, పాపకు చలికాలం బట్టలు, బూట్లు. వీటన్నిటి తర్వాత నెలకు 200 మిగిలితే గొప్ప. ఏడాదికి ఒక నెల జీతం అదనంగా, అంటే పదమూడో నెల జీతం ఇచ్చే సంస్థ అయితే అదే మీ పొదుపు. దాన్ని పండగ ఖర్చుగా చూడకండి.

ఏడాదికోసారి వచ్చే బిల్లులన్నీ రాసి, పన్నెండుతో భాగించి, జీతం పడిన మరుసటి రోజే వేరే ఖాతాకు పంపండి. దీనికి ఇంకో కారణం కూడా ఉంది. ఇక్కడ బిల్లు కట్టకపోతే, గుర్తు చేసే ఉత్తరం తర్వాత బకాయిల వసూలు కార్యాలయానికి ఎక్కుతుంది. ఇల్లు మారాలంటే ఆ కార్యాలయం ఇచ్చే బకాయిల పత్రం ప్రతి యజమానీ అడుగుతారు. చిన్న ఫోను బిల్లు ఇంట్లో పడి ఉండి, దాని వల్ల మంచి ఇల్లు చేజారిన కుటుంబాలున్నాయి. పోస్టు డబ్బా రోజూ తెరవండి. జర్మన్ రాకపోతే ఉత్తరాన్ని ఫోనుతో చదివించుకోండి, కానీ పక్కన పడేయకండి.

ఇందాక చివర్లో చెబుతానన్న వడ్డీ రేటు సంగతి. ఈ దేశంలో అద్దెలు ప్రభుత్వం ప్రకటించే ఒక ఆధార వడ్డీ రేటుతో ముడిపడి ఉంటాయి. 2023 డిసెంబరులో అది 1.75 శాతానికి పెరిగింది. 2025 మార్చిలో 1.5కు, అదే ఏడాది సెప్టెంబరులో 1.25కు తగ్గింది. పావు శాతం తగ్గితే నికర అద్దెలో (హీటింగ్ వంటి అదనపు ఖర్చులు కలపని అద్దెలో) 2.91 శాతం తగ్గించమని అడగవచ్చు. 2,500 నికర అద్దె మీద అది నెలకు 72 ఫ్రాంకుల పైన, ఏడాదికి 870 దాటుతుంది. ధరల పెరుగుదల, నిర్వహణ ఖర్చు చూపి యజమాని అందులో కొంత తగ్గించుకోవచ్చు. కానీ మీరు అడగకపోతే తనంతట తాను తగ్గించాల్సిన పని లేదు.

కాబట్టి ఇంటికి వెళ్లగానే మీ అద్దె ఒప్పందం తీయండి. అందులో ఆ రేటు ఎంతని రాసి ఉందో చూడండి. ఇప్పుడున్న రేటుకంటే ఎక్కువ ఉంటే రాయాల్సిన ఉత్తరం నమూనా జర్మన్‌లో తయారుచేసి తెచ్చాను, తలుపు పక్కన బల్ల మీద ఉంది. పేరు, చిరునామా, రేటు నింపి, ఒప్పందంలో ఇద్దరి పేర్లుంటే ఇద్దరూ సంతకం చేసి, రిజిస్టర్డ్ పోస్టులో పంపండి. ముప్పై రోజుల్లో జవాబు రాకపోయినా, కాదన్నా, ఆ తర్వాతి ముప్పై రోజుల్లో రాజీ మండలికి వెళ్లవచ్చు. నింపడంలో సందేహం ఉన్నవాళ్లు మీ ఒప్పందం ఫొటో ఫోనులో ఉంటే ఇప్పుడే తీసుకురండి, కూర్చుని నింపుదాం.